పెళ్లికే షష్టిపూర్తి

పెదనాన్నా, పెద్దమ్మా!

మీ శుభలేఖ చూసి చిన్నప్పుడు మేం తెగ నవ్వుకునేవాళ్లం. శ్రీ పరాభవ నామ సంవత్సర వైశాఖ మాసమట. పెళ్లికి వేరే ఏడాదే దొరకలేదా అని! 1966 నాటి ఆ పరాభవ అరవై ఏళ్లు తిరిగి ఈ 2026లో మళ్లీ వచ్చింది. పెదనాన్న షష్టిపూర్తి 2004లోనే అయింది, రెండోసారి మూడుముళ్లూ వేశాడు. ఆ మధ్య వెయ్యి పున్నములూ దాటాడు. ఇవాళ్టిది మాత్రం మీ పెళ్లికి షష్టిపూర్తి. దీనికేమైనా శాంతి చేయించాలా అని పురోహితుణ్ని అడిగితే, "అరవయ్యేళ్లు శాంతి లేకుండానే నెగ్గుకొచ్చారుగా" అన్నాడాయన.

నిజమే, అంత శాంతం ఆ ఇంట్లో ఎప్పుడుంది కనక! పెళ్లయిన కొద్ది రోజులకే, జూన్ 6న, రూపాయి విలువ తగ్గించారు. అదంతా కొత్తకోడలు కాలు పెట్టిన వేళా విశేషమని పెదనాన్న ఇప్పటికీ అంటాడు. పెద్దమ్మ ఊరుకుంటుందా? మరుసటేడు ఆగస్టులో సాగర్ కాలవలకి నీళ్లొదిలిందీ తన కాలి చలవేనంటుంది. జొన్నకూడు తినే ఇంట్లో వరన్నం ఉడికిందంటే ఎవరి వల్లట?

పోయిన నెల పెద్దమ్మ కంటికి శుక్లాల ఆపరేషన్ అయింది. పొద్దున వెళ్లేసరికి అరుగు మీద ఆవిడ తల వెనక్కి వాల్చి కూర్చుంది. చెయ్యి వణక్కుండా పెదనాన్న చిటికెనవేలు ఆవిడ నుదుటికి ఆనించి, ఊపిరి బిగబట్టి, చుక్కలమందు వేస్తున్నాడు. మొదటి చుక్క చెంప మీద పడింది.

"కంట్లోకండీ, చెంపకి కాదు."

ఆయనకి వినపడలేదు. మిషను పెట్టుకోలేదు మరి. "కదలకే" అని ఇంకో చుక్క వేశాడు. ఈసారి సరిగ్గా పడింది. పైట చెంగుతో ఆవిడ చెంప తుడుచుకుంటుంటే, ఈయన గోడమీది క్యాలెండర్లో ఆ పూటకి టిక్కు పెట్టుకున్నాడు. రోజుకి నాలుగు టిక్కులు, ఒక్కటీ తప్పలేదు.

పిల్లలందరం వచ్చేశాం. బూరెలు మూకుట్లో ఉన్నాయి, దండలు అరిటాకులో తడిసి ఉన్నాయి. పెదనాన్నా, చెయ్యి వణికినా ఫరవాలేదు, దండ నువ్వే వెయ్యాలి. పెద్దమ్మ ఏమంటుందో మాకు తెలుసు.

"మెడలోకండీ, చెవికి కాదు."