కైజరు విల్హెల్ము జీవితము

రెహబాము రాజైనప్పుడు తన తండ్రియెదుట నిలిచిన వృద్ధుల ఆలోచనను త్రోసివేసి, తనతో కూడ పెరిగిన యౌవనస్థుల మాట వినెనని 1 రాజులు 12వ అధ్యాయములో చదువుచున్నాము. అటువంటి పని చేసిన మరియొక రాజు జీవితమును ఈ నెల చెప్పుకొందము. ఈయన యూదా దేశపువాడు కాడు, అంత పాతకాలపువాడును కాడు. జర్మనీ దేశపు చివరి చక్రవర్తియైన రెండవ విల్హెల్ము ఈయనే. ఆయనను లోకమంతయు కైజరు అని పిలిచెను. అది మన బైబిలులో కనబడు కైసరు అను మాటయే. బెర్లినులో కూర్చుండిన ఈ కైసరు చేసిన పనుల దెబ్బ సముద్రములు దాటి మన సూళ్లూరుపేట, నాయుడుపేట, గూడూరు ప్రాంతములకును తగిలినది. అందుచేత ఆయన కథ మనకు పరాయి కథ కాదు.

విల్హెల్ము 1859వ సంవత్సరము జనవరి 27న బెర్లినులో పుట్టెను. తల్లి విక్టోరియా మహారాణి పెద్దకుమార్తె. ప్రసవము మిక్కిలి కష్టమాయెను. బిడ్డ బ్రదికెను గాని ఎడమచేయి చచ్చుపడెను. పెరిగి పెద్దవాడైనను ఆ చేయి కుడిచేతికంటె పొట్టిగానే యుండిపోయెను. కుంటివాడైన మెఫీబోషెతును దావీదు తన బల్లయొద్ద కూర్చుండబెట్టుకొనెను. ఈ బిడ్డకు అట్టి నెమ్మది దొరకలేదు. అప్పుడే చంపిన కుందేలు కళేబరములో ఆ చేతిని ఉంచిరి, విద్యుత్తు పెట్టిరి, మంచిచేతిని ఒంటికి కట్టివేసి చచ్చిన చేతినే వాడుమనిరి. ఒంటిచేతితో గుఱ్ఱమెక్కలేక పడిపోయి ఏడ్చుచున్న పిల్లవానిని ఉపాధ్యాయుడు మరల మరల ఎక్కించెను. కడకు పిల్లవాడు మంచి రౌతు ఆయెను. అయితే తన లోపమును ఎవరును చూడరాదను పట్టుదల జీవితాంతము ఆయనను విడువలేదు. ఆయన చిత్రపటములను చూడుడి. ఎడమచేయి కత్తిపిడి మీదనో, చేతితొడుగు చాటుననో ఉండును. బలహీనతను దాచుకొనువానికి బలవంతునివలె కనబడవలెనను ఆశ యెక్కువగును. విల్హెల్ము కోపమునకును డంబమునకును వేరు అక్కడనే యున్నదని మేము తలంచుచున్నాము. ఆ చేయి ఆయన దోషము కాదు, దానిచేత ఆయన తప్పులు మాసిపోవునవియు కావు.

1888లో తాతగారు చనిపోయిరి. తండ్రి ఫ్రెడరిక్కు గొంతు పుండుతో మాట పోయిన స్థితిలో సింహాసనమెక్కి 99 దినములు మాత్రమే ఏలెను. ఆ జూను 15న విల్హెల్ము 29 ఏండ్ల ప్రాయమున చక్రవర్తి ఆయెను. తాతగారి కాలమునుండి రాజ్యభారమును మోసిన మంత్రి బిస్మార్కు. ఆ వృద్ధుడు పరిశుద్ధుడేమియు కాడు. మూడు యుద్ధములు జరిపించిన గట్టివాడు. అయినను, ఒకేసారి రెండు దిక్కుల శత్రువులను తెచ్చుకొనరాదని ఆయనకు బాగుగా తెలియును. అందుకే రుష్యాతో రహస్యముగా ఒడంబడిక చేసికొని యుండెను. 1890 మార్చిలో విల్హెల్ము ఆయనను పనిలోనుండి తొలగించెను. కొత్త మంత్రులు ఆ ఒడంబడికను మరల వ్రాయలేదు. నాలుగేండ్లు గడువకముందే రుష్యా పోయి ఫ్రాన్సుతో చేయి కలిపెను. రెహబాము చేసిన పనికి ఫలము వెంటనే కనబడెను, విల్హెల్ము చేసినదానికి 24 ఏండ్లు పట్టెను.

ఈయన భక్తి సంగతి మనము ప్రత్యేకముగా చూడవలెను. ప్రష్యా ప్రొటెస్టంటు సంఘమునకు రాజే ప్రధానాధ్యక్షుడు. ఆయన భార్య ఆగుస్తా విక్టోరియా బెర్లినులో దేవాలయములు కట్టించుటయందు ఎంతో శ్రద్ధ చూపెను. 1898లో ఆయన యెరూషలేమునకు ప్రయాణమై, యొప్పే గుమ్మము ప్రక్కన గోడ పగులగొట్టి వేసిన త్రోవలో గుఱ్ఱముమీద ప్రవేశించి, అక్టోబరు 31న, అనగా లూథరు సంస్కరణ దినమున, అక్కడి విమోచకుని ఆలయమును ప్రతిష్ఠింపజేసెను. మన ప్రభువు ఆ పట్టణములోనికి ఏ వాహనముమీద వచ్చెనో మీరెరుగుదురు.

1900లో చీనాలో అల్లరులు పుట్టగా అక్కడికి పోవు సిపాయిలను ఓడ ఎక్కించుచు జూలై 27న ఆయన యొక ప్రసంగము చేసెను. శత్రువు లొంగినను క్షమింపవద్దనియు, ఖైదీలను పట్టవద్దనియు, పూర్వపు హూణులవలె భయము పుట్టింపుడనియు చెప్పెను. మంత్రులు ఆ మాటలను పత్రికలలో పడకుండ చేయజూచిరి గాని సాగలేదు. రెండు దినములకు ఆదివారము వచ్చెను. తన ఓడమీద తానే ఆరాధన జరిపించి, అమాలేకీయులతో యుద్ధమప్పుడు మోషే చేతులెత్తిన సంగతిమీద బోధించెను. శుక్రవారము ఆ మాట, ఆదివారము ఈ బోధ, రెండును ఒకే నోటినుండి వచ్చినవి. రాజైన ఉజ్జియా ధూపము వేయబోయినప్పుడు ఎనుబదిమంది యాజకులు అడ్డము నిలిచిరి. విల్హెల్ము ఆస్థానములో అట్టి యాజకుడు కనబడడు. నాతాను పని చేయుటకు అక్కడ ఎవరును లేకపోయిరి. ఆఫ్రికా నైరుతి తీరమున ఆయన సేనలు 1904 మొదలు 1908 వరకు హెరెరో, నామా జనులను పదుల వేలుగా చంపిరి. అది జాతిసంహారమేయని జర్మనీ ప్రభుత్వము 2021లో ఒప్పుకొనినది.

మన దేశపు నాణెములమీద ఒకప్పుడు ముద్రవేయబడిన విక్టోరియా మహారాణి ఈయనకు అమ్మమ్మ. 1901 జనవరిలో ఆమె మరణశయ్యమీద ఉండగా విల్హెల్ము పరుగున పోయి, తన మంచిచేతితో ఆమెను రెండు గంటలకు పైగా ఆనుకొనియుండెను. ఆ ప్రేమ నిజమైనదే. అయినను అమ్మమ్మ దేశపు నౌకాదళమునకు సాటి రావలెనని యుద్ధనౌకలమీద యుద్ధనౌకలు కట్టించి, ఆ దేశమును పగవానిగా చేసికొనెను.

1914 జూను 28న ఆస్ట్రియా యువరాజును ఆయన భార్యను సరయేవో పట్టణములో ఒక సెర్బు యువకుడు కాల్చి చంపెను. ఆస్ట్రియా ముసలి చక్రవర్తి ఫ్రాన్సు యోసేపు సెర్బియాను శిక్షింపగోరెను గాని దానికి వెనుక రుష్యా యున్నదని భయపడెను. జూలై 5న ఆస్ట్రియా రాయబారి పోట్స్‌డాములో విల్హెల్ముతో భోజనము చేసెను. ఆస్ట్రియా ఏమి చేసినను జర్మనీ వెంట నిలుచునని విల్హెల్ము ఆయనకు మాట ఇచ్చెను. మరునాడు ప్రధానమంత్రియు దానిని ఖాయపరచెను. విందుబల్లయొద్ద హేరోదు ఇచ్చిన మాట ఎవరి తల తీసికొనెనో మార్కు వ్రాసియున్నాడు. మాట ఇచ్చి చక్రవర్తి ఏటేట చేయునట్లే నార్వే దేశమునకు ఓడ షికారు పోయెను. తిరిగి వచ్చి జూలై 28న సెర్బియా పంపిన జవాబు చదివి, ఇక యుద్ధమునకు కారణము లేదని తలంచెను. ఆ దినముననే ఆస్ట్రియా యుద్ధము ప్రకటించెను. వారము తిరుగకముందే ఐరోపా అంతయు అంటుకొనెను. తప్పు ఆయన ఒక్కనిదే కాదు. అన్ని రాజధానులలోను గర్విష్ఠులు ఉండిరి. అయితే ఆ మాట ఇచ్చినవాడు ఆయనే.

జర్మను సిపాయిల నడికట్టు బిళ్లమీద ఇమ్మానుయేలు అను పేరునకు అర్థము చెక్కబడి యుండెను. గొప్ప వేదపండితుడైన హార్నాకు, ప్రజలకు చక్రవర్తి పేరట వచ్చిన పిలుపును తానే వ్రాసి ఇచ్చెను. ఇంగ్లాండు దేవాలయములలోను ఇటువంటి ప్రార్థనలే, జయము మాత్రము అటువైపునకు.

ఇప్పుడు మన తీరమునకు వత్తము. హానోవరు సీమలో హెర్మన్స్‌బర్గు అను ఒక పల్లె కలదు. ఆ పల్లె సంఘకాపరి లూడ్విగు హార్మ్సు 1849లో మిషను స్థాపించెను. రైతుబిడ్డలే దూరదేశములకు పోయిరి. వారి పక్షమున మీలియసు దొరగారు 1865లో సూళ్లూరుపేటలో పని ప్రారంభించిరి. తరువాత నాయుడుపేట, గూడూరు మొదలగు చోట్లకు పని వ్యాపించెను. దాదాపు 50 ఏండ్లు అట్లు గడిచిన పిమ్మట, 1914 సెప్టెంబరు 22 రాత్రి ఎండెను అను జర్మను యుద్ధనౌక చీకటిలో మదరాసు రేవునకు వచ్చి, నూరుకు పైగా గుండ్లు ప్రేల్చి, బర్మా కంపెనీ నూనె తొట్లను తగులబెట్టెను. జనులు పట్టణము విడిచి పారిపోయిరి. హైకోర్టు గోడయొద్ద ఆ గుర్తుకై పెట్టిన పలక నేటికిని ఉన్నది. ఆ నౌక నవంబరు 9న కోకోసు ద్వీపములయొద్ద నాశనమాయెను.

జర్మను దొరలు ఒక్కసారిగా శత్రుదేశస్థులైరి. మన దేశములోని జర్మను మిషనెరీలలో అనేకులను అహమ్మదునగరు శిబిరములో నిర్బంధించిరి. 1915, 1916 సంవత్సరములలో వారిని ఓడలమీద స్వదేశమునకు పంపివేసిరి. ఆ పనికి వాడిన ఓడ పేరు గోల్కొండ. తెలుగు కోట పేరుగల ఓడమీద వారు పోవలసి వచ్చెను! ఆరాధన, బడి, బాప్తిస్మ పాఠములు, రోగుల పరామర్శ, ఇవన్నియు పల్లెలలోని తెలుగు ఉపదేశకుల భుజములమీద పడెను. కైజరు కోపము ఎటువంటిదో, ఆస్ట్రియా ఎక్కడ నున్నదో వారికి ఏల తెలియవలెను? మందిరపు గంట మాత్రము కొట్టవలెను గదా. అమెరికాలోని ఒహాయో సినడు లూథరనులు ఈ పొలమును చేపట్టిరి. యుద్ధము తీరిన పిదపను అది వారి చేతిలోనే నిలిచెను. నేటి దక్షిణాంధ్ర లూథరను సంఘము ఆ పొలములో పెరిగినదే.

యుద్ధము నాలుగేండ్లు సాగెను. జర్మనులు 20 లక్షలమంది చచ్చిరి. మన దేశమునుండి పోయిన 13 లక్షలకు పైబడిన వారిలో సుమారు 74 వేలమంది తిరిగి రాలేదు. 1916నుండి అధికారమంతయు హిండెన్‌బర్గు, లూడెన్‌డార్ఫు అను సేనాపతులదే. ఎవరి మాటయు విననొల్లని చక్రవర్తి మాట ఇప్పుడు వినువారు లేకపోయిరి. 1918 నవంబరు 9న, ఎండెను నాశనమైన నాటికి సరిగా నాలుగేండ్లకు, ఆయన సింహాసనము విడిచెనని ప్రధానమంత్రి ప్రకటించెను. ఆయన ఇంకను ఒప్పుకొననేలేదు! మరునాడు హాలండు దేశమునకు పారిపోయెను. విచారణకు అప్పగింపుమని జయించినవారు అడిగినను ఆ దేశము అప్పగింపలేదు.

డోర్ను అను ఊరిలో ఇల్లు కొనుక్కొని 1920నుండి అక్కడనే యుండెను. గడ్డము పెంచెను. దినదినము చెట్లు కొట్టి కట్టెలు కోయుట ఆయన పని. ప్రతి ఉదయము ఇంటివారినందరిని పిలిచి తానే వాక్యము చదివి ప్రార్థన జరిపించెడివాడు. ఈ సంగతి చదివినప్పుడు మన మనస్సు మెత్తబడును. అయితే ఆ ప్రార్థనలనుండి లేచి వ్రాసిన ఉత్తరములలో యుద్ధమునకు నింద యూదులమీదను ఆంగ్లేయులమీదను మోపుచు, యూదులనుగూర్చి చెప్పరాని మాటలు వ్రాసెను. నెబుకద్నెజరు గడ్డి మేసిన తరువాత కన్నులు పైకెత్తెను. విల్హెల్ముకు 22 ఏండ్లు గడువు దొరికెను, ఆ తప్పు నాది అన్నట్లు ఎక్కడను కనబడదు.

ఇంతలో ఆస్ట్రియాలో పుట్టి, విల్హెల్ము సేనలో చిన్న సిపాయిగా నున్న హిట్లరు 1933లో జర్మనీకి అధికారి ఆయెను. వాని మోటుతనము విల్హెల్ముకు గిట్టలేదు. 1938 నవంబరులో యూదుల మందిరములను కాల్చినప్పుడు, తాను జర్మనుడనని చెప్పుకొనుటకు సిగ్గుపడెనందురు. 1940 మేలో ఆయన మనుమడొకడు ఫ్రాన్సు యుద్ధములో గాయపడి చనిపోయెను. అయినను మరుసటి నెలలో పారిసు పట్టుబడగా ఆ హిట్లరునకే అభినందన తంతి పంపెను.

1941 జూను 4న డోర్నులో విల్హెల్ము మరణించెను. శవమును బెర్లినునకు తెచ్చి ఊరేగింపవలెనని హిట్లరు కోరెను. రాజరికము తిరిగి వచ్చువరకు తన దేహమును జర్మనీకి తీసికొనిపోవద్దనియు, స్వస్తిక చిహ్నములు పెట్టవద్దనియు విల్హెల్ము ముందే వ్రాసియుంచెను. చిహ్నములు వచ్చెను. దేహము మాత్రము కదలలేదు. ఆయన తాతగారి పేరట బెర్లినులో కట్టించిన పెద్ద ఆలయము 1943లో బాంబులకు కూలి, విరిగిన గోపురము ఒక్కటి నిలిచియున్నది. జర్మనీకి రాజరికము మరల రాలేదు గనుక, డోర్ను తోటలోని చిన్న సమాధి గృహములో, తాను పెంచిన కుక్కల గోరీలకు సమీపముననే, ఆ శవపేటిక నేటికిని ఉన్నది.