మైదానాలు మూసేసినా ఆగని ఆట: లిలీ పార్ కథ

మన తెలుగు బడికి వచ్చే ఆడపిల్లల్లో సాకర్ ఆడేవాళ్ళు చాలామందే ఉన్నారు. అమ్మాయిలు బంతి ఆడటం వాళ్ళకు వింత కాదు. కాని ఆ ఆట పుట్టిన ఇంగ్లండులోనే ఆడవాళ్ళకు 50 ఏళ్ళపాటు పెద్ద మైదానాల తలుపులు మూసేశారంటే పిల్లలే కాదు, పెద్దలూ ఆశ్చర్యపోతారు. ఆ తలుపులు మూసుకున్న తరువాత కూడా దాదాపు 30 ఏళ్ళు ఆడిన లిలీ పార్‌ను ఈ సంచికలో మన చిన్నారులకు పరిచయం చేస్తున్నాము. ఇక్కడ మనం సాకర్ అంటున్నదాన్నే ఇంగ్లండులో, మన దేశంలో ఫుట్‌బాల్ అంటారు కాబట్టి మేమూ అలాగే రాస్తున్నాము.

లిలీ 1905 ఏప్రిల్ 26న ఇంగ్లండు వాయవ్య ప్రాంతంలోని సెయింట్ హెలెన్స్ అనే ఊళ్ళో పుట్టింది. అది గాజు ఫ్యాక్టరీల ఊరు. తండ్రి అలాంటి ఒక ఫ్యాక్టరీలోనే కూలిపని చేసేవాడు. ఇంట్లో ఏడుగురు పిల్లలు. కుట్టుపని, వంటపని కన్నా అన్నదమ్ములతో కలిసి ఖాళీ స్థలాల్లో ఫుట్‌బాల్, రగ్బీ ఆడటమంటేనే ఆమెకు ఇష్టం.

ఆ రోజుల్లోనే మొదటి ప్రపంచ యుద్ధం వచ్చింది. మగవాళ్ళు సైన్యంలోకి వెళ్ళడంతో ఫ్యాక్టరీ పనుల్లోకి ఆడవాళ్ళు వచ్చారు. ప్రెస్టన్ నగరంలోని డిక్ కెర్ కంపెనీలో ట్రాములు, రైలు ఇంజన్లు తయారయ్యేవి. యుద్ధకాలంలో అక్కడ ఫిరంగి గుండ్లు తయారుచేశారు. ఆ పనిలో ఉన్న అమ్మాయిలు భోజన విరామంలో బంతి తన్నుతూ చివరికి ఒక జట్టుగా ఏర్పడ్డారు. 1917 క్రిస్మస్ నాడు డీప్‌డేల్ మైదానంలో వాళ్ళు ఆడిన మ్యాచ్‌కు 10,000 మంది వచ్చారు. వసూలైన డబ్బును గాయపడిన సైనికుల ఆసుపత్రికి ఇచ్చారు.

1920లో ఈ జట్టు సెయింట్ హెలెన్స్ అమ్మాయిలతో ఆడినప్పుడు, ఎదుటి జట్టులోని ఒక పొడుగాటి పిల్ల డిక్ కెర్ మేనేజరు ఆల్ఫ్రెడ్ ఫ్రాంక్‌లండ్ కంటబడింది. ఆమే లిలీ. వయసు పద్నాలుగు, పదిహేనేళ్ళు. ఫ్యాక్టరీలో ఉద్యోగం, తోటి క్రీడాకారిణి ఇంట్లో బస, మ్యాచ్‌కు 10 షిల్లింగుల ఖర్చులు ఇస్తామని ఆమెను తమ జట్టులోకి పిలిచారు. వీటికి తోడు సిగరెట్ ప్యాకెట్లు కూడా ఇచ్చేవారని చెబుతారు. పిల్లలూ, ఆమె దగ్గర ఆట నేర్చుకోండి, ఆ అలవాటు మాత్రం వద్దు!

లిలీ మైదానం ఎడమవైపు ఆడేది. అప్పటి తోలు బంతి వానలో తడిస్తే రాయిలా బరువెక్కేది. అలాంటి బంతిని కూడా ఆమె ఎడమకాలితో మైదానం అంచు నుంచి గోలు ముందున్న తనవాళ్ళకు అందించగలిగేది. ఒకసారి ఒక మగ గోల్‌కీపరు తనకు గోల్ కొట్టమని సవాలు చేశాడట. బంతిని ఆపబోయి చెయ్యి విరగ్గొట్టుకున్నాడట. ఈ కథ అక్కడ ఇప్పటికీ చెప్పుకుంటారు.

1920 డిసెంబర్ 26న లివర్‌పూల్‌లోని గూడిసన్ పార్క్‌లో డిక్ కెర్ జట్టు సెయింట్ హెలెన్స్‌తో తలపడింది. అంటే లిలీ ఆడింది సొంత ఊరి జట్టు మీదే! లోపల 53,000 మంది ప్రేక్షకులు. చోటు లేక వేలమంది బయటినుంచే వెనక్కి వెళ్ళారు. డిక్ కెర్ 4-0తో గెలిచింది. ధర్మకార్యాలకు 3,000 పౌండ్లకు పైగా పోగయ్యాయి. మహిళల క్లబ్ మ్యాచ్‌కు ఇంతకన్నా ఎక్కువమంది రావడానికి 2019 దాకా ఆగవలసి వచ్చింది.

ఆ సంబరం ఏడాది కూడా నిలవలేదు. 1921 డిసెంబర్ 5న ఇంగ్లండు ఫుట్‌బాల్ అసోసియేషన్, ఈ ఆట ఆడవాళ్ళకు తగదని తీర్మానించి, తన సభ్య క్లబ్బులేవీ వాళ్ళకు మైదానాలు ఇవ్వరాదని కోరింది. విరాళాల డబ్బులో ఎక్కువ భాగం ఖర్చులకే పోతోందని కూడా ఆరోపించింది. మగవాళ్ళ మ్యాచ్‌లకు జనం తగ్గుతారన్న భయం కూడా దీని వెనుక ఉందని చరిత్ర రాసినవాళ్ళు అంటారు. ఏది ఏమైనా 16 ఏళ్ళ లిలీకి పెద్ద మైదానాల గేట్లు మూసుకుపోయాయి.

మరుసటి ఏడు జట్టు ఓడెక్కి కెనడా చేరింది. అక్కడి ఫుట్‌బాల్ సంఘమూ ఆడనివ్వలేదు. చివరికి ఆడనిచ్చింది అమెరికా. మనం ఉంటున్న ఈ న్యూజెర్సీలోనే, పాటర్సన్‌లో, 1922 సెప్టెంబర్‌లో వాళ్ళ మొదటి మ్యాచ్ జరిగింది. తీరా చూస్తే ఎదురుగా ఉన్నది మగవాళ్ళ జట్టు! ఆ మ్యాచ్ 3-6తో ఓడిపోయారు. అయినా బెదరలేదు. మొత్తం తొమ్మిది మ్యాచ్‌లు మగవాళ్ళతోనే ఆడి మూడు గెలిచారు, మూడు ఓడారు, మూడు సమం చేశారు.

తరువాత లిలీ ప్రెస్టన్ దగ్గరి విటింగ్‌హామ్ మానసిక వైద్యశాలలో నర్సుగా చేరింది. ఉద్యోగం ఉద్యోగమే, ఆట ఆటే. 1926 నుంచి జట్టు పేరు ప్రెస్టన్ లేడీస్ అయింది. పెద్ద స్టేడియాలు లేకపోతే దొరికిన చోటే ఆడారు. వేలాది ప్రేక్షకులు పోయారు, పత్రికల్లో పేర్లు తగ్గాయి, విరాళాల కోసం ఆడటం మాత్రం మానలేదు. లిలీ 1951 దాకా, అంటే 46 ఏళ్ళ వయసు దాకా ఆడింది. తొమ్మిది వందలకు పైగా గోల్స్ చేసిందని లెక్కకట్టారు.

ఆ నిషేధాన్ని 1971లో ఎత్తేశారు. అప్పటికి లిలీకి 65 ఏళ్ళు దాటాయి, ప్రెస్టన్ లేడీస్ జట్టు మూతపడి ఆరేళ్ళయింది. కాన్సర్‌తో పోరాడిన లిలీ 1978 మే 24న కన్నుమూసింది. 2002లో జాతీయ ఫుట్‌బాల్ మ్యూజియం వారి గౌరవ జాబితాలో చోటు దక్కిన మొదటి మహిళ ఆమే. ఆ మ్యూజియం అప్పట్లో ప్రెస్టన్‌లో, ఆ డీప్‌డేల్ మైదానంలోనే ఉండేది! 2019లో మాంచెస్టర్‌లో ఆమె విగ్రహం పెట్టారు.

ఈ గౌరవాలేవీ లిలీ చూడలేదు. వస్తాయని ఆడనూ లేదు. ఆట తనదని నమ్మింది, ఆడింది. మనలో కొందరు అమ్మాయి హైస్కూలుకు రాగానే ఇక ఆటలు చాలు, చదువు చూసుకో అంటారు. తల్లిదండ్రులకు మా మనవి ఒక్కటే. చదువు ముఖ్యమే, కాని ఆట మానాలో వద్దో ఆ అమ్మాయినే తేల్చుకోనివ్వండి. చిన్నారులూ, ఎవరైనా ఇది నీకు తగదంటే, మగవాళ్ళ జట్టును చూసి కూడా పాటర్సన్ మైదానంలోకి దిగిన ఆ 17 ఏళ్ళ అమ్మాయిని ఒక్కసారి తలుచుకోండి.