ఆ డెబ్బై మంది చాలు

గొప్ప విశ్వాసుల జీవిత చరిత్రలంటే మనకు ఎంతో ఇష్టం. వాటిని చదివి కన్నీళ్లు పెట్టుకుంటాం, ఆదివారం ప్రసంగాల్లో విని బలపడతాం. అమెరికాలో అలాంటి పుస్తకాలకు కొదవే లేదు. ఒక్క అబ్రహాం లింకన్ మీదే వేలాది పుస్తకాలు వచ్చాయి. అయితే 1869లో వెలువడిన ఓ చిన్న పుస్తకానిది వేరే కథ. ఆ పుస్తకంలోని స్త్రీ ఇంటి అప్పు తీరడానికి నాలుగు డబ్బులు వస్తాయనే ఆశతో సారా బ్రాడ్‌ఫర్డ్ అనే రచయిత్రి దాన్ని రాసింది. చదవడం, రాయడం రాని ఆ నల్లజాతి స్త్రీ పేరు హారియెట్ టబ్మన్. ఆమె ప్రజలు ఆమెను మోషే అని పిలుచుకున్నారు.

హారియెట్ 1822 ప్రాంతంలో మేరీలాండ్ రాష్ట్రంలోని డార్చెస్టర్ కౌంటీలో బానిస దంపతులకు పుట్టింది. తల్లిదండ్రులు ఆమెకు పెట్టిన పేరు అరమింటా. ఆరేళ్లు వచ్చేసరికే యజమాని ఆమెను ఇతరుల ఇళ్లలో పనికి అద్దెకిచ్చాడు. ఒక ఇంట్లో రాత్రంతా మేల్కొని పసిబిడ్డను ఊపాలి. బిడ్డ ఏడిస్తే ఈ పసిపిల్లకు కొరడా దెబ్బలు. మెడ మీది ఆ మచ్చలు జీవితాంతం మిగిలిపోయాయి. మరోచోట తట్టు పోసి ఒళ్లు కాలిపోతున్నా, చిత్తడి నీళ్లలో దిగి మస్క్‌రాట్లనే నీటి ఎలుకల కోసం పెట్టిన బోనులు చూడాల్సి వచ్చింది. ఆమె అక్కలు ముగ్గురిని దూరప్రాంతాలకు అమ్మేశారు. వాళ్ల కోసం తల్లి ఏడ్చిన ఏడుపు ఆ చిన్నారి గుండెలో ఉండిపోయింది.

యుక్తవయసులో మరో దెబ్బ తగిలింది. ఒక దుకాణం దగ్గర పారిపోబోతున్న బానిస మీదికి అజమాయిషీ చేసేవాడు దాదాపు కిలో బరువున్న తూకపురాయి విసిరాడు. అది గురి తప్పి హారియెట్ తల పగలగొట్టింది. సరైన వైద్యం లేదు. అప్పటినుంచి మాట్లాడుతూ మాట్లాడుతూనే ఆమె ఉన్నట్టుండి మగతలోకి జారిపోయేది. అయినా ప్రార్థన మానలేదు. అక్షరం రాని ఆమెకు తల్లి చెప్పిన బైబిలు కథలే వాక్యం. ఇశ్రాయేలీయులను ఐగుప్తు దాస్యం నుంచి విడిపించిన దేవుడు తనకూ దేవుడేనని ఆమె నమ్మింది.

ఆమె ప్రార్థనా జీవితంలో మనల్ని ఆలోచింపజేసే ఘట్టం ఒకటుంది. యజమాని ఎడ్వర్డ్ బ్రోడెస్ మనసు మార్చమని ఆమె ఎన్నో దినాలు దేవుణ్ణి వేడుకుంది. ఇంతలో తనను, తన తోబుట్టువులను అమ్మేస్తారని తెలిసింది. అతను మారకపోతే అతణ్ణి తీసుకుపొమ్మని ప్రార్థన మార్చేసింది. 1849 మార్చిలో అతను చనిపోయాడు. హారియెట్ సంతోషించలేదు. అతణ్ణి బతికించి తెచ్చే అవకాశమే ఉంటే లోకంలోని బంగారమంతా ఇచ్చేసేదాన్నని తర్వాతి కాలంలో చెప్పుకొని బాధపడింది. అన్యాయం చేసినవాడి చావు కోరుకున్నందుకు ఆమె అంతగా పశ్చాత్తాపపడితే, చిన్నచిన్న పగలను ఏళ్ల తరబడి మోసే మన సంగతేమిటి?

అదే ఏడాది సెప్టెంబరులో ఇద్దరు తమ్ముళ్లతో కలిసి పారిపోయింది. వాళ్లు భయపడి వెనుదిరిగారు, ఆమె కూడా వాళ్లతో వెనక్కి రావాల్సి వచ్చింది. కొద్దిరోజులకే ఒంటరిగా బయలుదేరింది. రాత్రిపూట ధ్రువనక్షత్రాన్ని చూసుకుంటూ, దారిలో క్వేకర్ విశ్వాసుల ఇళ్లలో తలదాచుకుంటూ, దాదాపు 145 కిలోమీటర్లు ప్రయాణించి బానిసత్వం లేని పెన్సిల్వేనియా చేరింది. కానీ ఆ స్వేచ్ఛా భూమిలో ఆమెను ఆహ్వానించే మనిషి ఒక్కరూ లేరు. తనవాళ్లంతా ఇంకా దాస్యంలోనే ఉన్నారు. వాళ్లను కూడా తెచ్చుకోవాలని ఆ రోజే నిశ్చయించుకుంది. ఇళ్లలో వంటపని, పాచిపని చేసి పైసా పైసా కూడబెట్టింది.

1850 డిసెంబరులో మొదటి విడుదల జరిగింది. మేనకోడలు కెసియాను ఇద్దరు పిల్లలతో సహా వేలం వేస్తుంటే, స్వతంత్రుడైన ఆమె భర్తే పాట పాడి, డబ్బు కట్టే లోపలే వాళ్లను తప్పించాడు. వాళ్లను హారియెట్ అందుకుని ఫిలడెల్ఫియా చేర్చింది. పారిపోయిన బానిసలను ఎక్కడున్నా పట్టి అప్పగించాలని ఆ ఏడాదే చట్టం రావడంతో, తర్వాత ఆమె తనవాళ్లను కెనడాదాకా తీసుకెళ్లాల్సి వచ్చింది. 1851లో భర్త జాన్ కోసం కొత్త సూటు కొనుక్కుని మరీ వెళ్లింది. అతను అప్పటికే మరో స్త్రీని పెళ్లాడి, రానన్నాడు. గుండె పగిలినా ఆమె ఒట్టి చేతులతో తిరిగి రాలేదు. విడుదల కోసం ఎదురుచూస్తున్న ఇతరులను వెంటబెట్టుకొచ్చింది.

1854 క్రిస్మస్ నాడు ముగ్గురు సోదరులను తెచ్చిన వైనం మరువలేనిది. తల్లిదండ్రుల గుడిసె దగ్గర మొక్కజొన్న కొట్టంలో అంతా దాక్కున్నారు. పండగకు కొడుకులొస్తారని తల్లి భోజనం సిద్ధం చేసి ఎదురుచూస్తోంది. ఆమె కేక పెడితే అందరూ దొరికిపోతారని ఆమెకు చెప్పలేదు. గోడ సందులోంచి తల్లిని చూసి పిల్లలు మౌనంగా ఏడ్చారు. తండ్రి బెన్ మాత్రం రహస్యంగా తిండి తెచ్చిచ్చాడు, కళ్లకు గుడ్డ కట్టుకుని! రేపు అధికారులొచ్చి అడిగితే కొడుకులను చూడలేదని అబద్ధమాడకుండా చెప్పగలగాలని ఆయన పడిన తపన అది. 1857లో ఆ వృద్ధ తల్లిదండ్రులను కూడా ఆమె స్వేచ్ఛలోకి తీసుకొచ్చింది.

ఆమె కథలో ఓటమి కూడా ఉంది. చెల్లెలు రేచల్‌ను తేవాలని ఏళ్ల తరబడి ప్రయత్నించింది. 1860లో వెళ్లేసరికి రేచల్ చనిపోయింది. ఆమె ఇద్దరు పిల్లలను తప్పించడానికి 30 డాలర్లు లంచం కావాలి. హారియెట్ దగ్గర లేవు. పిల్లలు దాస్యంలోనే ఉండిపోయారు. ఆ రాత్రి మరో కుటుంబాన్ని తీసుకుని ఆమె ఉత్తరానికి నడిచింది. అదే ఆమె చివరి ప్రయాణం.

తర్వాత అంతర్యుద్ధం వచ్చింది. ఆమె సైన్యంలో నర్సుగా, వేగుగా పనిచేసింది. 1863 జూన్ 2న దక్షిణ కరోలినాలోని కొంబాహీ నది మీద సైనికులకు దారి చూపించి, 700 మందికి పైగా బానిసల విడుదలకు తోడ్పడింది. కానీ ప్రభుత్వం ఆమెకు సరైన జీతం కూడా ఇవ్వలేదు. న్యూయార్క్ రాష్ట్రం ఆబర్న్‌లో 1859లో సెనేటర్ విలియం సెవార్డ్ దగ్గర వాయిదాల మీద కొన్న ఇంటి అప్పు మెడ మీద ఉంది. అప్పుడొచ్చిందే బ్రాడ్‌ఫర్డ్ పుస్తకం. దాని వల్ల సుమారు 1,200 డాలర్లు చేతికందాయి.

ఇక్కడే మనం ఒక సంగతి గమనించాలి. హారియెట్ 19 సార్లు వెళ్లి 300 మందిని తెచ్చిందని ఆ పుస్తకం చెప్పింది. ఆమె తల మీద 40,000 డాలర్ల బహుమతి ఉండేదని కూడా ప్రచారమైంది. తరాల తరబడి ప్రసంగాల్లో, పాఠ్యపుస్తకాల్లో ఇవే అంకెలు. యుద్ధానికి ముందు సభల్లో హారియెట్ తానుగా చెప్పుకున్నది 8, 9 ప్రయాణాలు, 50, 60 మంది అని మాత్రమే. 2004లో కేట్ క్లిఫర్డ్ లార్సన్ అనే చరిత్రకారిణి పాత లేఖలు, రికార్డులు వెదికి, సుమారు 13 ప్రయాణాల్లో 70 మంది వరకు తెచ్చిందని తేల్చింది. ఆమె చెప్పిన దారి గుర్తులతో మరో 70 మంది సొంతంగా బయటపడ్డారు. 1849లో వెలువడిన అసలు ప్రకటనలో ఉన్నది ఆమెకు, ఇద్దరు తమ్ముళ్లకు తలా 100 డాలర్లే.

అంకెలు తగ్గాయని హారియెట్ తగ్గిపోయిందా? లేదు. 300 అన్నది ఒక అంకె. 70 మంది అంటే కెసియా, ఆమె పిల్లలు, ముగ్గురు సోదరులు, ముసలి తల్లిదండ్రులు. యాకోబు కుటుంబం ఐగుప్తుకు వెళ్లినప్పుడు వాళ్లు డెబ్బై మందేనని నిర్గమకాండం ఆరంభంలోనే చదువుతాం. దేవుడు ఆ లెక్కను పెంచి రాయించలేదు, ఆదికాండంలో వాళ్ల పేర్లే రాయించాడు. తప్పిపోయిన ఒక్క గొర్రె కోసం వెళ్లిన కాపరికి తన మంద లెక్క సరిగ్గా తెలుసు. మరి మన కూటాల కరపత్రాల్లో, సాక్ష్యాల్లో వందలు వేలెందుకవుతున్నాయి? మంచి ఉద్దేశంతో కలిపినా అది కల్పనే. మన అబద్ధంతో దేవునికి మహిమ రాదు. కొడుకుల ప్రాణం కోసం కూడా అబద్ధమాడనని కళ్లకు గుడ్డ కట్టుకున్న బెన్ మనకు పాఠం నేర్పాలి.

1899లో గాని హారియెట్‌కు నెలకు 20 డాలర్ల పింఛను రాలేదు. ఆ పేదరికంలోనే ఆమె అనాథలను, వృద్ధులను ఇంట్లో పెట్టుకుని పోషించింది. 1903లో తన స్థలాన్ని ఆఫ్రికన్ మెథడిస్టు ఎపిస్కోపల్ సీయోను సంఘానికి వృద్ధాశ్రమం కోసం ఇచ్చేసింది. చేరేవాళ్లు 100 డాలర్లు కట్టాలని సంఘం నియమం పెడితే, చేతిలో చిల్లిగవ్వ లేనివాళ్లకే చోటివ్వాలని వాదించింది. ఆ ఆశ్రమంలోనే 1913 మార్చి 10న ప్రభువు సన్నిధికి చేరుకుంది. 2024లో మేరీలాండ్ రాష్ట్రం ఆమెకు మరణానంతరం బ్రిగేడియర్ జనరల్ హోదా ఇచ్చింది. మనుషులిచ్చే గౌరవం ఆలస్యంగా రావచ్చు, మన గురించి రాసే పుస్తకాల్లో లెక్క తప్పవచ్చు. దేవుని గ్రంథంలో మాత్రం ఉన్నది ఉన్నట్టే ఉంటుంది. ఈ వారం మనం చెప్పే సాక్ష్యం ఎంత చిన్నదైనా, ఉన్నది ఉన్నట్టే చెబుదాం.