తమ్ముడి స్థానంలో నిలిచిన అన్న: హాస్యనటుడు షెంప్ హోవార్డ్

అమెరికా వెండితెరపై కౌబాయ్ అంటే భయమెరుగని వీరుడు. ఆ వీరత్వాన్ని పరిహసిస్తూ గత శతాబ్ది మధ్యకాలంలో వెలువడిన లఘు హాస్యచిత్రాల్లో ప్రేక్షకులను నవ్వించిన షెంప్ హోవార్డ్ మాత్రం నిజజీవితంలో భయస్థుడిగా పేరుపడ్డారు. కుక్కలన్నా, కారు నడపడమన్నా ఆయనకు భయమని సన్నిహితులు చెప్పేవారు.

1895 మార్చి 11న న్యూయార్క్‌లోని బ్రూక్లిన్‌లో యూదు కుటుంబంలో జన్మించిన ఆయన అసలు పేరు శామ్యూల్ హోర్విట్జ్. లిథువేనియా నుంచి వలస వచ్చిన తల్లి యాసలో శామ్ అన్న ముద్దుపేరు షెంప్‌గా మారి, అదే స్థిరపడింది. తమ్ముడు మో, మిత్రుడు లారీ ఫైన్‌లతో కలిసి టెడ్ హీలీ నాటక బృందంలో పేరు తెచ్చుకున్న షెంప్, 1932లో హీలీతో పొసగక వైదొలగారు. ఆ స్థానంలో చేరిన చిన్న తమ్ముడు కర్లీ, 1934 నుంచి కొలంబియా సంస్థ నిర్మించిన 'త్రీ స్టూజెస్' చిత్రాలతో విశేష ప్రజాదరణ పొందారు. షెంప్ మరోవైపు 'ది బ్యాంక్ డిక్', 'బక్ ప్రైవేట్స్' వంటి చిత్రాల్లో సహాయ పాత్రలతో స్థిరపడ్డారు.

1946 మేలో చిత్రీకరణ జరుగుతుండగా కర్లీ పక్షవాతానికి గురయ్యారు. తాను కాదంటే మో, లారీల జీవనాధారం దెబ్బతింటుందని గ్రహించిన షెంప్, తమ్ముడు కోలుకునే వరకే అన్న షరతుపై తిరిగి వచ్చారు.

1947 ఏప్రిల్‌లో విడుదలైన 'అవుట్ వెస్ట్' నిడివి సుమారు 17 నిమిషాలు. ఆంగ్లంలో రక్తనాళానికీ, భూమిలోని బంగారు పొరకూ ఒకటే మాట. కాలిలో ఉబ్బిన నాళం గురించి షెంప్ చెబుతుంటే, అది బంగారు నిక్షేపమని భ్రమపడిన దుండగులు ఆయన వెంటపడతారు. అనంతరం 'పంచీ కౌపంచర్స్', 'మెర్రీ మేవరిక్స్' వెలువడ్డాయి. 1954 నాటి 'షాట్ ఇన్ ది ఫ్రాంటియర్' ప్రఖ్యాత 'హై నూన్' చిత్రానికి వ్యంగ్యానుకరణ.

కర్లీ మాత్రం కోలుకోలేదు. 1947లో 'హోల్డ్ దట్ లయన్' చిత్రంలో, రైలులో నిద్రిస్తున్న ప్రయాణికుడిగా ఆయన క్షణకాలం కనిపించారు. ముగ్గురు సోదరులూ కలిసి నటించిన చిత్రం అదొక్కటే. 1952 జనవరిలో కర్లీ కన్నుమూశారు. తాత్కాలికమనుకున్న బాధ్యత షెంప్‌కు జీవితకాలపు బాధ్యతగా మిగిలింది.

1955 నవంబరు 22న ముష్టియుద్ధ పోటీలు చూసి మిత్రులతో టాక్సీలో ఇంటికి తిరిగి వస్తూ, 60 ఏళ్ల వయసులో షెంప్ హఠాన్మరణం చెందారు. మరుసటి ఏడాది కొలంబియా సంస్థ పాత దృశ్యాలను జోడించి, వీపు మాత్రమే కనిపించేలా మరో నటుణ్ణి నిలిపి, ఆయన పేరుతో నాలుగు చిత్రాలు పూర్తి చేసింది. తమ్ముడి స్థానాన్ని తొమ్మిదేళ్లు నిలబెట్టిన అన్న స్థానం, ముఖం చూపని మనిషితో భర్తీ అయింది.