జీను లేని రౌతు: జెనొఫను చరిత్రము

అశ్వశాస్త్ర మనగనే మనకు శాలిహోత్రుడు స్మరణకు వచ్చును. యవనదేశమున నట్టి గ్రంథమును రచించి, సమయము వచ్చినపుడు గుఱ్ఱమును దిగి నడచిన యొక మహాపురుషుని చరిత్రమును మేము సోదరులకు సంగ్రహముగా విన్నవించుచున్నాము.

జెనొఫను క్రీ. పూ. 430 ప్రాంతమున ఆథెన్సు నగరమున జన్మించెను. యౌవనమున సోక్రటీసును సేవించెను. క్రీ. పూ. 401లో పారసీక రాజకుమారుడగు సైరసు తన యన్నపై దండెత్తగా, అతని కొలువున జేరిన పదివేలకు మించిన గ్రీకు భటులతో నితడును బోయెను. కునాక్సా యుద్ధమున సైరసు హతుడయ్యెను. పిదప గ్రీకు సేనానులు వంచనచే బట్టుబడిరి. అంతవఱకు సేనలో నే పదవియు లేని జెనొఫను అప్పుడు నాయకులలో నొకడుగా నెన్నుకొనబడెను.

శత్రువులకు రౌతులు మెండు, వీరికి లేరు. భటులు దిగులొందగా, గుఱ్ఱము కఱచుటచే యుద్ధమున జచ్చినవాడు లేడనియు, రౌతు పడుదునను భయమున వ్రేలాడుచుండ నేలపై నిలిచినవాని దెబ్బయే గట్టిదనియు నతడు ధైర్యము చెప్పెను. నాటి గ్రీకులకు జీనును అంకవన్నెలును లేవు. వట్టి వీపుపైననో, గుడ్డ పఱచియో స్వారి చేసెడివారు. కావున నా మాట పొసగెను. అయినను మాటలతో పని తీరదని యెఱిగి, యతడు త్వరలోనే బరువులు మోయు గుఱ్ఱములనుండి గూడ నేరి, సుమారు 50 మంది రౌతులను సమకూర్చెను.

ఒకనాడు శత్రువులకంటె ముందుగా కొండశిఖరము నెక్కవలసి వచ్చెను. తాను డాలు మోయుచు శ్రమపడుచుండ నాయకుడు గుఱ్ఱముపై వచ్చుట సమము కాదని సొటెరిడాసను భటుడు సణిగెను. జెనొఫను వెంటనే దిగి, వానిని వరుసనుండి త్రోసి, వాని డాలును గైకొని, రౌతు తొడుగు బరువైన కవచముతోనే నడచెను. తుదకు తోడి భటులే వానిని గొట్టి తిట్టి డాలును మరల బట్టించిరి. నాయకుడు గుఱ్ఱమెక్కి, త్రోవ చెడినచోట దానిని విడిచి, కాలినడకనే సాగెను. శిఖరము వారికే దక్కెను.

సొటెరిడాసు సణుగుడున న్యాయము లేకపోలేదని మా తలంపు. నాయకుడు దానికి తన కాళ్లతో సమాధానము చెప్పుటయే విశేషము.

తరువాత స్వనగరమునుండి బహిష్కృతుడై, ఒలింపియా చెంతనున్న స్కిల్లసున వసించి, గ్రంథములు రచించెను. క్రీ. పూ. 362లో మాంటినీయా యుద్ధమున కుమారుడగు గ్రిల్లసును గోల్పోయెను. అశ్వారోహణగ్రంథమున, వట్టి వీపుపైన నైనను గుడ్డపైన నైనను కుర్చీలో వలె గూర్చుండక, కాళ్లు ఎడముగా నిలిచినట్లుండవలెననియు, మోకాలి క్రింది భాగమును వదులుగా విడువవలెననియు బోధించెను. గుఱ్ఱముతో కోపమున నెన్నడును వ్యవహరింపరాదనియు, బలాత్కారముచే జేయు పనిని అది గ్రహింపదనియు జెప్పెను.

ముప్పది యేండ్లకు పైగా బెత్తము పట్టిన మేము ఈ భాగమును ఉద్యోగవిరమణానంతరము చదివి సిగ్గుపడితిమి. ముందే చదివియుండిన, కొందఱు బాలురు మమ్ము చూచి వడకకుందురు గదా! నలుగురిని నడపు భారము వహించు సోదరులు మావలె ఆలస్యము చేయకుందురు గాక.