హైదరాబాద్‌కు ప్లాన్ గీసిన విశ్వేశ్వరయ్య

సెప్టెంబరు 15 దగ్గర పడితే మనలో చాలామంది ఇళ్లలో జరీ తలపాగా కోసం, నల్లకోటు కోసం వెతుకులాట మొదలవుతుంది. ఇంజనీర్స్ డే రోజున స్కూల్లో మీ అబ్బాయో అమ్మాయో మోక్షగుండం విశ్వేశ్వరయ్య వేషం వేస్తారు. కృష్ణరాజసాగర్ ఆనకట్ట, మైసూరు దివాన్ పదవి, భారతరత్న అని గుక్కతిప్పుకోకుండా చెప్పేస్తారు. ఈసారి ఆ ప్రసంగంలో ఇంకో నాలుగు మాటలు చేర్పించండి. అవి మన నగరానికి సంబంధించినవి.

విశ్వేశ్వరయ్య 1861లో ఇప్పటి కర్ణాటకలోని ముద్దెనహళ్లిలో పుట్టారు. ఇంటిపేరు మాత్రం మన ప్రాంతానిదే. ఆయన పూర్వీకులు గిద్దలూరు వైపున్న మోక్షగుండం గ్రామం నుంచి వలస వెళ్లారు. ఇంట్లో మాట్లాడేది తెలుగే. తండ్రి చిన్నప్పుడే పోయారు. బెంగళూరులో చదువుకుంటూ పిల్లలకు ట్యూషన్లు చెప్పి ఖర్చులు వెళ్లదీసుకున్నారు. తర్వాత పుణెలో ఇంజనీరింగ్ చదివి, 1884లో బొంబాయి ప్రభుత్వ ప్రజాపనుల శాఖలో అసిస్టెంట్ ఇంజనీర్‌గా చేరారు.

ఆయన ఉద్యోగ జీవితంలో ఎక్కువ భాగం పట్టణాల అవసరాల చుట్టూనే తిరిగింది. సింధు నది ఒడ్డున, ఇప్పుడు పాకిస్తాన్‌లో ఉన్న సుక్కూరు పట్టణాన్నే చూడండి. ఎదురుగా అంత పెద్ద నది ఉన్నా తాగడానికి మంచినీళ్లు లేవు. నది నీరు బురద. వడపోత కేంద్రం కట్టే స్తోమత మునిసిపాలిటీకి లేదు. ఆయన నదీగర్భంలోనే బావి తవ్వించి, ఇసుకలోంచి ఊరిన నీటిని ఊరికి అందించారు. 1895లో ఆ పని పూర్తయింది. ఊరి జేబు ఎంతో చూసుకుని, దానికి తగ్గ పరిష్కారం వెతకడం ఆయన పద్ధతి. పుణె దగ్గరి ఖడక్‌వాస్లాలోనూ అంతే. ఆనకట్ట ఎత్తు పెంచకుండా, వరద వస్తే వాటంతటవే తెరుచుకునే గేట్లు అమర్చి నీటి నిల్వ పెంచారు. అది 1903 నాటి మాట.

ఆ రోజుల్లో పై పదవులు దాదాపు ఆంగ్లేయులకే దక్కేవి. ఎంత పని చేసినా చీఫ్ ఇంజనీర్ కుర్చీ అందదని గ్రహించి, 1908లో 47 ఏళ్ల వయసులో ఆయన స్వచ్ఛందంగా ఉద్యోగం వదిలేసి విదేశీ పర్యటనకు వెళ్లారు.

సరిగ్గా అదే ఏడాది సెప్టెంబరు 28న మూసీ పొంగింది. దాదాపు 15 వేల మంది చనిపోయారని అంచనా. నదిపై వంతెనల్లో పురానాపూల్ తప్ప మిగతావి దెబ్బతిన్నాయి. అఫ్జల్‌గంజ్ ఆసుపత్రి ఆవరణలోని చింతచెట్టు ఎక్కి సుమారు 150 మంది ప్రాణాలు దక్కించుకున్నారు. ఆ చెట్టు ఉన్న చోటే నేటి ఉస్మానియా ఆసుపత్రి.

నిజాం ప్రభుత్వం విశ్వేశ్వరయ్యను పిలిపించింది. 1909 ఏప్రిల్‌లో ఆయన హైదరాబాద్ వచ్చారు. అప్పగించిన పనులు మూడు. దెబ్బతిన్న నగరాన్ని తిరిగి కట్టడానికి సలహా ఇవ్వాలి. మళ్లీ ఇలాంటి వరద రాకుండా దారి చూపాలి. హైదరాబాద్‌కూ చాదర్‌ఘాట్‌కూ పూర్తి మురుగునీటి పథకం తయారు చేయాలి.

ముందుగా అసలు ఏం జరిగిందో ఆయన లెక్క తీయించారు. ఎక్కడ ఎంత వాన పడింది, నది ఎంత ఎత్తున పారింది, నీళ్లు ఎటునుంచి వచ్చాయి అని సర్వేలు చేయించారు. నగరానికి ఎగువన మూసీ పరివాహక ప్రాంతంలో దాదాపు 800 చెరువులు ఉండేవి. ఆ కుంభవృష్టికి 200కు పైగా చెరువులు తెగాయి. ఒక చెరువు తెగితే ఆ నీళ్లు కింది చెరువు మీద పడతాయి. దాని కట్టా తెగుతుంది. అలా గొలుసుకట్టుగా తెగిన నీళ్లన్నీ నదిలో కలిసి ఒక్కసారిగా నగరం మీద పడ్డాయి.

ఆ లెక్కలోంచే ఆయన ముఖ్యమైన సలహా పుట్టింది. నగరాన్ని కాపాడాలంటే నగరం బయట పని చేయాలి. ఎగువన మూసీ మీద ఒకటి, దాని ఉపనది ఈసీ మీద ఒకటి, రెండు నదులూ కలవకముందే రెండు జలాశయాలు కట్టాలి. పెద్ద వరద వస్తే అవి దాన్ని పట్టి ఉంచి, నది మోయగలిగినంతే మెల్లగా వదలాలి. నగరం లోపల నది ఒడ్డున గట్లు కట్టి, ఆ పక్క జాగాలో పార్కులు, వెడల్పాటి రోడ్లు వేయాలి. మురుగునీరు నదిలో కలవకుండా వేరే దారి చూపాలి. 1909 అక్టోబరులో నివేదిక ఇచ్చేశారు. నవంబరులో మైసూరు చీఫ్ ఇంజనీర్‌గా వెళ్లిపోయారు. నగరంలో ఆయన గడిపింది కొన్ని నెలలే.

నివేదిక మాత్రం బీరువాలో ఉండిపోలేదు. 1912లో నగర అభివృద్ధి బోర్డు ఏర్పడింది. అది ఇరుకు బస్తీలను సరిచేసింది, రోడ్లు వెడల్పు చేసింది. మూసీ మీద ఉస్మాన్‌సాగర్, అంటే మన గండిపేట, 1920లో పూర్తయింది. ఈసీ మీద హిమాయత్‌సాగర్ 1927లో పూర్తయింది. సలహా ఇచ్చిన నాటికీ రెండో జలాశయం నిండిన నాటికీ మధ్య 18 ఏళ్లు. అప్పుడే పుట్టిన పిల్లవాడు కాలేజీకి వెళ్లేంత కాలం. వరద నుంచి కాపాడటానికి కట్టిన ఆ రెండు చెరువులే తర్వాత కొన్ని తరాల హైదరాబాదీలకు తాగునీరు ఇచ్చాయి. మురుగునీటి పథకం కోసం 1920ల్లో ఆయన మళ్లీ వచ్చారు.

తర్వాతి కథ మీ పిల్లలకు తెలిసిందే. 1912లో మైసూరు దివాన్ అయ్యారు. ఆయన హయాంలోనే 1916లో మైసూరు విశ్వవిద్యాలయం వచ్చింది. 1955లో భారతరత్న అందుకున్నారు. నూరేళ్లు నిండాక 1962లో కన్నుమూశారు.

ఇదంతా ఇప్పుడెందుకంటారా? 2020 అక్టోబరు మీకు గుర్తుండే ఉంటుంది. హైదరాబాద్‌లో కాలనీలకు కాలనీలు నీట మునిగాయి. చెరువులు తెగాయి, నాలాలు పొంగాయి. నీటి దారిలో ఇళ్లు కడితే నీళ్లు ఇళ్లలోకే వస్తాయి. ఒక్కో చెరువునూ లెక్కలోకి తీసుకున్న ఆయన పని నుంచి మనం నేర్చుకోవాల్సింది అదే. ప్లాటు కొనేటప్పుడు ధర, రిజిస్ట్రేషన్, రోడ్డు వెడల్పు అడుగుతాం. పక్కనున్న చెరువు నిండితే నీళ్లు ఎందాకా వస్తాయి, అంటే దాని ఎఫ్‌టీఎల్ ఎక్కడ అని కూడా అడగండి. పిల్లలకు వదిలి వెళ్లే ఆస్తి గురించి కదా ఈ ఆలోచన అంతా.

ఇంకో మాట. ఇంజనీరింగ్ అనగానే మనకు కంప్యూటర్ సైన్స్ సీటే కనిపిస్తుంది. నగరాలు ఎలా ఉండాలో ఆలోచించే చదువు కూడా ఉంది. జేఈఈ మెయిన్‌లో పేపర్ 2బి బ్యాచిలర్ ఆఫ్ ప్లానింగ్ కోసమే. విజయవాడలోని స్కూల్ ఆఫ్ ప్లానింగ్ అండ్ ఆర్కిటెక్చర్‌లో ఈ కోర్సు ఉంది. మ్యాపులంటే ఇష్టపడే, మన వీధిలోనే నీళ్లు ఎందుకు నిలుస్తున్నాయని అడిగే పిల్లలు మీ ఇంట్లో ఉంటే, ఈ దారి కూడా ఉందని చెప్పండి.

ఈ నెలలో ఒక ఆదివారం పిల్లలను గండిపేట కట్ట మీదకు తీసుకెళ్లండి. వేరే ఊళ్లో ఉంటే మీ ఊరి చెరువు కట్ట మీదకైనా సరే. నీళ్లు ఎటునుంచి వస్తున్నాయో, నిండితే ఎటు పోతాయో వాళ్లనే కనిపెట్టి చెప్పమనండి. తలపాగా చుట్టుకుని స్టేజీ ఎక్కినప్పుడు వాళ్లకు చెప్పడానికి సొంత మాటలు దొరుకుతాయి.