మౌనము నెరిగిన స్వరకర్త : ఎం. బి. శ్రీనివాసన్

తెలుగు పలుకు యానాము, మలయాళము పలుకు మాహే, తమిళము పలుకు పుదుచ్చేరి, కారైకాల్ ఒకే పరిపాలన క్రింద నున్నవి. ఈ మూడు భాషల సీమలతోను సంబంధము గల సంగీత దర్శకులు ఎం. బి. శ్రీనివాసన్‌గారి జీవితము ఇచ్చటి తెలుగువారు తెలిసికొనదగినది.

వీరు 1925వ సంవత్సరము సెప్టెంబరు 19వ తేదీన చిత్తూరు పట్టణమున జన్మించిరి. మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాలలో చదువుచు విద్యార్థి ఉద్యమమున పాల్గొనిరి. పిదప ఢిల్లీ చేరి, పార్లమెంటు సభ్యులు ఎ. కె. గోపాలన్‌గారికి కార్యదర్శిగా పనిచేసిరి. స్వాతంత్ర్య యోధులు సైఫుద్దీన్ కిచ్లూగారి కుమార్తె జహీదాగారిని మతభేదము పాటింపక వివాహమాడిరి.

మద్రాసు తిరిగివచ్చి, నిమాయ్ ఘోష్ దర్శకత్వమున 1960లో వెలువడిన 'పాదై తెరియుదు పార్' అను తమిళ చిత్రమునకు స్వరములు కూర్చిరి. చిత్రము ధనము గడింపలేదు గాని, పాటలు నిలిచినవి. 1961లో మలయాళ చిత్రము 'కాల్పాడుగళ్' కొరకు నారాయణగురువు పద్యమును యువకుడగు యేసుదాసుచే పాడించిరి. ఆ గాయకుని తొలి సినిమా పాట అదియే.

వీరి ప్రతిభకు కఠిన పరీక్ష 1972లో వచ్చెను. అడూర్ గోపాలకృష్ణన్ తన తొలి కథాచిత్రము 'స్వయంవరం'ను ఫిలిం ఫైనాన్స్ కార్పొరేషన్ ఇచ్చిన లక్షన్నర రూపాయల ఋణముతో ప్రారంభించిరి. అందులో పాటలు లేవు. తొలుత బస్సు ప్రయాణము మాటలు లేకయే సాగును. కడపట తలుపు తట్టు చప్పుడు. చంటిబిడ్డతో దిక్కులేని నాయిక మూసిన తలుపువైపు చూచుచుండును. పాటలవలన పేరు గన్న స్వరకర్తకు ఇట్టి చిత్రమున చేయవలసిన దేమి? ఎచ్చట వాద్యము పలుకవలెనో, ఎచ్చట లోకపు సవ్వడికి చోటిచ్చి తొలగవలెనో నిర్ణయించుటయే. శ్రీనివాసన్‌గా రా పని నొప్పుకొనిరి. చిత్రమునకు జాతీయ ఉత్తమ చిత్ర బహుమానమును, నాయిక పాత్ర ధరించిన మన తెనాలి శారదగారికి ఉత్తమ నటి బహుమానమును లభించినవి. అడూర్ తరువాతి చిత్రము 'కొడియేట్టం'లో నేపథ్యసంగీతమే లేదు. 1981లో 'ఎలిపత్తాయం' చిత్రమునకు మరల వీరినే పిలిచిరి.

వాద్యకారుల కష్టమును వీరు మరువలేదు. తెరపై పేరు కానరాని వారికి తగిన ప్రతిఫలము సకాలమున అందవలెనని మద్రాసులో సినీ వాద్యకారుల సంఘమును నిలిపిరి. 1970 దశకపు తొలినాళ్లలో మద్రాస్ యూత్ కోయిర్‌ను స్థాపించి, సంగీతము వృత్తిగా లేని యువతీయువకులచే పలు భారతీయ భాషల గీతములను బృందముగా పాడించిరి.

1988 మార్చి 9వ తేదీన, బృందగానము నేర్పుటకై వెళ్లిన లక్షద్వీపములలో, గుండెపోటుతో పరమపదించిరి. ఒక్కొక్కరి గొంతును పదిమంది గొంతులతో కలిపి పలికించుటయే వీరి జీవితకార్యము. అంతిమ దినమునను వీరు ఆ పనిమీదనే యుండిరి.